పాత పెళ్లి క్యాసెట్లతో కొలాజ్ సినిమా, ఎలా మొదలుపెట్టాలి?

బెజవాడ కుర్రోడు: గవర్నర్‌పేటలో మా బాబాయ్ వీడియో స్టూడియో ఎత్తేస్తూ ఒక గోతం నిండా వీహెచ్‌ఎస్ క్యాసెట్లు ఇచ్చాడు. పెళ్లిళ్లు, ఓణీల ఫంక్షన్లు, 1992 కృష్ణా పుష్కరాలు, టీవీలోంచి ఎక్కించిన మాయాబజార్ ముక్కలు. కొత్తగా ఒక్క షాటూ తీయకుండా వీటితోనే పది నిమిషాల సినిమా చేద్దామని ఉంది. కానీ ఎలా పేర్చినా పెళ్లి వీడియోలాగే వస్తోంది. ఏం చేయాలి?

రీలు పిచ్చి: ముందు సౌండ్ తీసెయ్ తమ్ముడూ. సన్నాయి వినపడుతున్నంతసేపూ అది పెళ్లే. తర్వాత ఏ ఫంక్షన్ అన్నది వదిలేసి కదలికలు చూసి అతుకు. జీలకర్ర బెల్లం పెట్టే చెయ్యి కిందికి దిగగానే పుష్కరాల్లో మునిగే తలకి కట్ చెయ్. పాత ఫిల్మ్ ముక్కలు అతికి సినిమాలు చేసిన అమెరికా ఆర్టిస్ట్ బ్రూస్ కానర్ 1958లో ‘ఎ మూవీ’లో చేసింది ఇదే, పెరిస్కోప్‌లో చూసే నావికుడి తర్వాత ఎక్కడిదో బికినీ అమ్మాయి షాట్ పెడితే, వాడు ఆమెనే చూస్తున్నాడని మనమే కథ అల్లేసుకుంటాం. ఇంకోటి, లవ్ సింబల్‌లోంచి పెళ్లికూతురు మొహం తెరుచుకునే ఆ ఎఫెక్ట్ ఉంటుంది చూడు, చచ్చినా తీసెయ్యకు.

తెనాలి టెక్నీషియన్: అదంతా సరే గానీ ముందు క్యాసెట్ల కిటికీలోంచి టేపు అంచు చూడు. తెల్లగా బూజు కనిపిస్తే వీసీఆర్‌లో పెట్టొద్దు, హెడ్ పాడవుతుంది, ఆ తర్వాత పెట్టిన మంచి టేపుకీ అంటుకుంటుంది. కంప్యూటర్‌లోకి ఎక్కించాక డీఇంటర్‌లేస్ చెయ్, అంటే టేపులో గీత విడిచి గీతగా ఉన్న రెండు సగాల బొమ్మల్ని ఒకే పూర్తి బొమ్మగా మార్చు, లేకపోతే కదిలినచోటల్లా దువ్వెన పళ్లలా గీతలొస్తాయి.

బెజవాడ కుర్రోడు: థాంక్స్ అన్నా. మాయాబజార్ పాతదే కదా, వాడుకోవచ్చా?

రీలు పిచ్చి: మన చట్టంలో సినిమా మీద హక్కు 60 ఏళ్లు, విడుదలైన మరుసటి ఏడాది నుంచి లెక్క. అది 1957 సినిమా కాబట్టి 2017తో అయిపోయింది. పాటలు, మాటలు వేరే. రాసిన పింగళి 1971లో పోయారు, ఆ హక్కు 2031 ఆఖరు దాకా ఉంటుంది. కాబట్టి బొమ్మ వాడుకో, సౌండ్ వద్దు. రంగులద్దిన కాపీ జోలికి అసలు పోకు.

తెనాలి టెక్నీషియన్: సినిమా సంగతి సరే, ఆ ఓణీల ఫంక్షన్ పిల్లల మాటేంటి? వాళ్లకిప్పుడు పెళ్లీడు పిల్లలుంటారు. మీ బాబాయ్ దగ్గర పాత ఆర్డర్ పుస్తకం ఉంటే అడ్రస్ పట్టుకుని ఇంటికెళ్లి అడుగు. వద్దన్నవాళ్ల క్యాసెట్ వాళ్లకే ఇచ్చెయ్.

బెజవాడ కుర్రోడు: పుస్తకం ఉందట. ఆదివారం వెళ్తా.