కేంద్ర కేబినెట్‌లో మనవాళ్లు ఎందరన్నది ముఖ్యమా, ఏ శాఖ అన్నది ముఖ్యమా?

నల్లకుంట:
కేంద్రంలో విస్తరణ మాట వినిపిస్తే చాలు, ఇక్కడ టీవీ చర్చలన్నీ ఒకే లెక్క మీద నడుస్తాయి. తెలంగాణకు ఎన్ని, ఆంధ్రకు ఎన్ని. 2024 జూన్ 9న ప్రమాణం చేసిన మంత్రిమండలిలో ప్రధానితో కలిపి 72 మంది ఉంటే, తెలుగు రాష్ట్రాల్లో గెలిచినవాళ్లు ఐదుగురు. కేబినెట్ హోదా ఇద్దరికే: కిషన్ రెడ్డికి బొగ్గు, గనులు, రామ్మోహన్ నాయుడికి పౌర విమానయానం. బండి సంజయ్, పెమ్మసాని చంద్రశేఖర్, శ్రీనివాస వర్మ సహాయ మంత్రులు.

ఈ లెక్కతో హైదరాబాద్‌కు ఒరిగేది చాలా తక్కువని నా అభిప్రాయం. ప్యారడైజ్ దగ్గర సాయంత్రం ఏడింటికి నిలబడి చూడండి. ఒక రోడ్డు శామీర్‌పేట వైపు, ఇంకొకటి డెయిరీ ఫామ్ మీదుగా మేడ్చల్ వైపు. రెండూ కంటోన్మెంట్ మధ్య నుంచే పోతాయి. అంబులెన్స్ కూడా దారి దొరక్క హారన్ కొడుతూ ఆగిపోతుంది. ఈ రెండు దారుల మీద ఎలివేటెడ్ కారిడార్లు కట్టాలని రాష్ట్రం ఏళ్ల తరబడి అడిగింది. భూమి రక్షణ శాఖది, ఆ శాఖ ఒప్పుకున్నది 2024 మార్చిలో. అంతకుముందు పదేళ్లలో సికింద్రాబాద్ ఎంపీలు కేంద్రంలో మంత్రులుగా ఉన్నారు. దత్తాత్రేయ గారు కార్మిక శాఖ చూశారు. కిషన్ రెడ్డి గారు మొదట హోం సహాయ మంత్రి, తర్వాత పర్యాటకం, సంస్కృతి. వాళ్లు ప్రయత్నం చేయలేదని నేను అనను. ఆ ఫైలు వాళ్ల దగ్గరికి వచ్చేదే కాదు.

ఏ పని ఏ శాఖదో రాజ్యాంగంలోని 77(3) అధికరణ కింద చేసిన 1961 నాటి పని కేటాయింపు నిబంధనల్లో ఉంటుంది. కంటోన్మెంట్లు రక్షణకు, మెట్రో గృహనిర్మాణ, పట్టణ వ్యవహారాలకు, మందుల ధరలు రసాయనాలు, ఎరువులకు. మన చర్చ అక్కడ మొదలవ్వాలి. మీరేమంటారు?

కొత్తగూడెం టు కూకట్‌పల్లి:
అన్నా, మీరు ప్యారడైజ్ చూపించారు, నేను సింగరేణి చూపిస్తా. మా నాన్న, మా పెదనాన్న గనిలో దిగినవాళ్లే. కంపెనీలో రాష్ట్రానికి 51 శాతం, కేంద్రానికి 49 శాతం. ఒడిశాలోని నైనీ బ్లాక్‌ను 2015లో కేటాయించారు. బొగ్గు తీయడం మొదలైంది 2025 ఏప్రిల్‌లో. పదేళ్లు! అటవీ అనుమతులని, భూమి బదలాయింపని పేపర్లో చదివి చదివి విసుగొచ్చింది. మన మంత్రి బొగ్గు శాఖలో కూర్చున్నాక ఒడిశా ప్రభుత్వంతో మాట్లాడటం, ఫైలు కదలటం మేం కళ్లారా చూశాం. ఆ శాఖలో వేరే రాష్ట్రం మనిషి ఉంటే కొత్తగూడెంలో మనిషి రిటైరయితే ఆ ఇంటికి ఏమవుతుందో ఆయనకు ఎట్లా తెలుస్తుంది?

మామునూరు కూడా చూడండి. వరంగల్ ఎయిర్‌పోర్టుకు విమానయాన శాఖ 2025 ఫిబ్రవరిలో పచ్చజెండా ఊపింది. మంత్రి శ్రీకాకుళం ఆయన, తెలుగాయన. మనవాళ్లు ఉంటే తేడా ఉంటది.

అశోక్‌నగర్ రీడింగ్ రూమ్:
గ్రూప్స్‌కి చదువుతున్నాను, అందుకే కొన్ని విషయాలు సూటిగా చెబుతాను.

మంత్రిమండలి వేరు, కేబినెట్ వేరు. 2003లో వచ్చిన 91వ సవరణ ప్రకారం మంత్రిమండలి మొత్తం, ప్రధానితో కలిపి, లోక్‌సభ సంఖ్యలో 15 శాతం దాటకూడదు. 543కి అది 81. కేబినెట్ సమావేశంలో కూర్చునేది అందులో సగం కంటే తక్కువ మంది. స్వతంత్ర హోదా ఉన్న సహాయ మంత్రులను తమ శాఖ అంశం వచ్చినప్పుడు పిలుస్తారు. మిగిలిన సహాయ మంత్రులకు ఏ పని ఇవ్వాలో ఆ శాఖ కేబినెట్ మంత్రే నిర్ణయిస్తారు. కాబట్టి "ఐదుగురు మంత్రులు" అని ఒకే గంపలో వేసి లెక్కపెట్టడం తప్పు.

ఇంకొకటి. అణుశక్తి, అంతరిక్షం, సిబ్బంది వ్యవహారాలు ప్రధాని దగ్గరే ఉంటాయి. మన ఈసీఐఎల్, మౌలాలి దగ్గర న్యూక్లియర్ ఫ్యూయల్ కాంప్లెక్స్ రెండూ అణుశక్తి విభాగం కిందివే. వాటి విషయంలో మన మంత్రులు ఎందరున్నా వెళ్లి అడగాల్సింది ప్రధాని కార్యాలయాన్నే.

జీడిమెట్ల షిఫ్ట్:
నేను మందుల కంపెనీలో క్వాలిటీ చూస్తాను. కంపెనీ పేరు వద్దు. నల్లకుంట గారు "మందుల ధరలు రసాయనాలు, ఎరువులకు" అని ఒక్క ముక్కలో తేల్చేశారు. కొంచెం వివరంగా చెప్పాలని ఉంది, ఎందుకంటే ఈ ఊరు మందుల మీద బతుకుతోంది.

ఇంట్లో ఏదైనా టాబ్లెట్ స్ట్రిప్ తీసి వెనక్కి తిప్పండి. ఒక మూల తయారీ లైసెన్స్ నంబర్ ఉంటుంది. అది ఇచ్చేది రాష్ట్ర ఔషధ నియంత్రణ అధికారులు, కానీ చట్టం 1940 నాటి డ్రగ్స్ అండ్ కాస్మెటిక్స్ చట్టం, అది కేంద్ర ఆరోగ్య శాఖ చేతిలో ఉంది. దాని కింద ఎంఆర్‌పీ. అత్యవసర మందు అయితే గరిష్ఠ ధర పెట్టేది ఎన్‌పీపీఏ, అంటే జాతీయ ఔషధ ధరల సంస్థ, 1997లో పెట్టింది. అది ఫార్మాస్యూటికల్స్ విభాగం కింద, ఆ విభాగం రసాయనాలు, ఎరువుల మంత్రిత్వ శాఖ కింద. మరి ఏది అత్యవసర మందో జాబితా రాసేది ఎవరు? ఆరోగ్య శాఖ. అంటే జాబితా ఒక శాఖది, ధర ఇంకో శాఖది. 2023 ఆగస్టు నుంచి 300 బ్రాండ్ల మీద క్యూఆర్ కోడ్ తప్పనిసరి, అది మళ్లీ ఆరోగ్య శాఖ నిబంధన. ప్యాకింగ్ లైన్‌లో ఒక్క అక్షరం తప్పు పడినా బ్యాచ్ మొత్తం ఆపేస్తాం. ఆ చిన్న రేకు మీద ఇన్ని ఆఫీసులున్నాయి.

ఇదే సరుకు బయటి దేశానికి పంపాలంటే వాణిజ్య శాఖ. ఎగుమతుల మండలి ఫార్మెక్సిల్ ప్రధాన కార్యాలయం మన హైదరాబాద్‌లోనే ఉంది. వ్యర్థ జలాల సంగతైతే పర్యావరణ శాఖ.

2021 ఏప్రిల్‌లో రెమ్‌డెసివిర్ కోసం జనం ఆస్పత్రుల చుట్టూ తిరిగినప్పుడు ఆరోగ్యం హర్షవర్ధన్ గారి దగ్గర, ఫార్మా విభాగం సదానంద గౌడ గారి శాఖలో ఉన్నాయి. ఆ జులైలో రెండూ మాండవీయ గారికి ఇచ్చారు. 2024 నుంచి రెండూ నడ్డా గారి దగ్గర. ఒకే మంత్రి ఉండటం మంచి మార్పని మనస్ఫూర్తిగా అంటున్నాను. అయినా శాఖలు రెండే, కార్యదర్శులు ఇద్దరే. రేపు మంత్రులు మారితే మళ్లీ విడిపోవచ్చు. మందుల ఊరి నుంచి మనం అడగాల్సింది మంత్రి పదవి కంటే ముందు ఇది: ఫార్మా విభాగాన్ని ఆరోగ్య శాఖలో పూర్తిగా కలపండి.

మారేడ్‌పల్లి వాసి:
జీడిమెట్ల గారూ, బాగా చెప్పారు. కానీ కలిపేస్తే సరిపోతుందన్న మాట మీద నాకు అనుమానం ఉంది. 1985లో రాజీవ్ గాంధీ రైల్వే, విమానయానం, ఉపరితల రవాణా అన్నీ కలిపి ఒకే రవాణా మంత్రిత్వ శాఖ చేశారు. మరుసటి ఏడాదే విడగొట్టాల్సి వచ్చింది. 2019లో జలవనరులు, తాగునీరు కలిపి జలశక్తి అన్నారు, అది నిలబడింది. అంటే కలపడం ఒక్కటే మందు కాదు. మీ విషయంలో ఇంకో చిక్కుంది. ధర తగ్గించమని ఒత్తిడి చేసేది ఆరోగ్య శాఖ, పరిశ్రమ బాగోగులు చూసేది ఫార్మా విభాగం. రెండూ ఒకే చోట ఉంటే రోగి తరఫున గట్టిగా మాట్లాడేవాళ్లు ఎవరు?

కంటోన్మెంట్ గురించి నల్లకుంట గారు చెప్పింది అక్షరాలా నిజం. మా బస్తీ కంటోన్మెంట్ బోర్డు పరిధి. నీళ్లు, డ్రైనేజీ, ఇంటి అనుమతి అన్నీ బోర్డే. బోర్డు మీద రక్షణ శాఖ. పౌర ప్రాంతాలను జీహెచ్ఎంసీలో కలపాలన్నది మాకు ప్రాణం మీద ఉన్న కోరిక. కారిడార్ల విషయంలో ముఖ్యమంత్రి నేరుగా రక్షణ మంత్రిని కలిసి అడిగారు. మధ్యలో స్థానిక మంత్రి అవసరం రాలేదు.

నల్లకుంట:
కొత్తగూడెం తమ్ముడూ, నైనీ గురించి నువ్వు చెప్పింది తీసిపారేయను. పదేళ్లు ఆగిన పని కదిలితే మంచిదే. కానీ అదే శాఖ, అదే మంత్రి, 2024 జూన్ 21న ఇదే హైదరాబాద్‌లో బొగ్గు బ్లాకుల వేలం మొదలుపెట్టారు. అందులో మన శ్రావణపల్లి ఉంది. వేలం లేకుండా సింగరేణికి ఇవ్వమని అదే వేదిక మీద ఉప ముఖ్యమంత్రి భట్టి గారు అడిగారు. అయినా దాన్ని వేలంలోనే పెట్టారు, ఎందుకంటే విధానం అది. మనవాడు కూర్చున్నా చట్టం మారలేదు. మామునూరుకు అడ్డు పడింది శంషాబాద్ ఎయిర్‌పోర్టు ఒప్పందంలోని నిబంధన, 150 కిలోమీటర్ల లోపు ఇంకో ఎయిర్‌పోర్టు రాకూడదన్నది. ఎయిర్‌పోర్టు కంపెనీ నుంచి అభ్యంతరం లేదన్న పత్రం వచ్చాకే దారి తెరుచుకుంది. రామ్మోహన్ నాయుడు గారు ఆలస్యం చేయకుండా సంతకం చేశారు, ఆ మంచి పేరు ఆయనకు ఇవ్వాల్సిందే.

ఇప్పుడు మెట్రో రెండో దశ. 76.4 కిలోమీటర్లు, 24,269 కోట్లు, రాష్ట్రం, కేంద్రం ఉమ్మడి ప్రాజెక్టు. డీపీఆర్, అంటే పూర్తి ప్రాజెక్టు నివేదిక, 2024 నవంబర్‌లో ఢిల్లీకి వెళ్లింది. ఇలాంటి ఫైలు మొదట ఆగేది పట్టణ వ్యవహారాల శాఖ దగ్గర, తర్వాత పెట్టుబడుల బోర్డు, అక్కడ ఆర్థిక శాఖ మాట ప్రధానం, ఆఖరున కేబినెట్. 2014 నుంచి 2017 దాకా పట్టణాభివృద్ధి వెంకయ్య నాయుడు గారి దగ్గర ఉంది, అంతకుముందు జైపాల్ రెడ్డి గారూ చూశారు. ఈ మంత్రిమండలిలో ఆ శాఖ మనోహర్ లాల్ గారికి ఇచ్చారు. మన ఎంపీలు, ఏ పార్టీ వాళ్లైనా సరే, ఆ శాఖ పద్దు మీద చర్చ వచ్చినప్పుడు లేచి అడగాలి. ఆ శాఖను చూసే పార్లమెంటరీ స్థాయీ సంఘంలో సభ్యత్వం కోసం పోటీ పడాలి. మొత్తం 24 సంఘాలున్నాయి. టీవీలో దాని గురించి ఒక్క నిమిషం మాట్లాడరు. నాకు కోపం వచ్చేది అక్కడే.

కొత్తగూడెం టు కూకట్‌పల్లి:
శ్రావణపల్లి మాట నిజమే అన్నా, ఆ రోజు మా గోదావరిఖని, మందమర్రి అంతా రగిలిపోయింది. అయినా నా మాట మీద నేను ఉన్నా. కేబినెట్‌లో కూర్చున్న మనిషి అక్కడ నోరు తెరిస్తే కనీసం మినిట్స్‌లో ఎక్కుతుంది. స్థాయీ సంఘం ఇచ్చేది సిఫారసే, ప్రభుత్వం ఒప్పుకోవాలనేం లేదు. జైపాల్ రెడ్డి గారిని 2012 అక్టోబర్‌లో పెట్రోలియం నుంచి తీసి సైన్స్ అండ్ టెక్నాలజీకి మార్చినప్పుడు ఇక్కడ ఎంత బాధపడ్డామో గుర్తుందా? శాఖ విలువ మాకు తెలుసు. అందుకే నేను అడిగేది రెండూ: మనిషి మనవాడు కావాలి, శాఖ మన పనికొచ్చేది కావాలి. పట్టణ వ్యవహారాలు ఇవ్వండి, రైల్వే ఇవ్వండి.

అశోక్‌నగర్ రీడింగ్ రూమ్:
రైల్వే అన్నారు కాబట్టి: దక్షిణ మధ్య రైల్వే కేంద్రం సికింద్రాబాద్‌లోనే ఉంది, చర్లపల్లి టెర్మినల్ 2025 జనవరి 6న ప్రారంభమైంది. ఆ రోజు రైల్వే మంత్రి తెలుగువారు కాదు. మీ ఇద్దరి వాదనకూ ఇది ఉపయోగపడుతుందేమో చూడండి.

మారేడ్‌పల్లి వాసి:
మా కాలనీ సంఘం నుంచి కంటోన్మెంట్ విలీనం మీద వినతిపత్రం రాస్తున్నాం. ఎప్పటిలా స్థానిక కేంద్ర మంత్రి ఇంటికి పోదామన్నారు కొందరు. ఈ చర్చ చదివాక మొదటి కాపీ రక్షణ శాఖ కార్యదర్శికి, రెండోది రక్షణ స్థాయీ సంఘం చైర్మన్‌కు, మూడోది రాష్ట్ర పురపాలక శాఖకు అని రాయించాను. కొత్తగూడెం తమ్ముడి మాట కూడా కాదనలేను, నాలుగో కాపీ కిషన్ రెడ్డి గారికి.