డెలమేర్ ప్రభువు: కెన్యాకు సేద్యం నేర్పినవాడా, మాసాయిల నేల తీసుకున్నవాడా?

చరిత్ర_విద్యార్థి:
ఇంగ్లాండులోని చెషైర్ ప్రాంతపు జమీందారీ కుటుంబంలో 1870లో పుట్టిన మూడవ డెలమేర్ ప్రభువు, వేట కోసం సోమాలీలాండ్‌కు వెళ్లి, అక్కడి నుంచి 1897లో కెన్యా ఎత్తు భూములకు చేరుకున్నారు. 1903లో న్జోరో దగ్గర సుమారు లక్ష ఎకరాలను 99 ఏళ్ల కౌలుకు అప్పటి బ్రిటిష్ ప్రభుత్వం ఆయనకు ఇచ్చింది. 1907లో శాసనమండలి ఏర్పడినప్పుడు అందులో సభ్యుడై, 1931లో మరణించేవరకు తెల్లజాతి వలస రైతుల నాయకుడిగా ఉన్నారు. స్వాతంత్ర్యం వచ్చాక నైరోబీ నడిబొడ్డున ఉన్న ఆయన విగ్రహాన్ని తీసివేశారు. అది న్యాయమేనా? ధవళేశ్వరం ఆనకట్ట కట్టించిన కాటన్ దొరకు ఊరూరా విగ్రహాలు పెట్టుకున్న మనం దీనికి ఏమని జవాబు చెప్పాలి?

గట్టుమీది_రైతు:
నా దృష్టిలో అది న్యాయం కాదు. న్యూజిలాండ్ నుంచి ఆయన తెప్పించిన మెరీనో గొర్రెలు ఆ నేలలోని ఖనిజ లోపం వల్ల మందలు మందలుగా చచ్చిపోయాయి. పశువులను పెంచితే రోగాలు తుడిచిపెట్టాయి. గోధుమ వేస్తే తుప్పు తెగులు తినేసింది. అయినా ఆయన స్వదేశంలోని ఆస్తిని తాకట్టు పెట్టి, నిపుణుణ్ణి పిలిపించి, తెగులును తట్టుకునే గోధుమ రకాల కోసం ఏళ్ల తరబడి ప్రయోగాలు చేయించారు, పిండి మిల్లు పెట్టారు, చివరికి అప్పులతోనే కన్నుమూశారు. చేలో నిలబడి పంట పోగొట్టుకున్నవాడికే ఆ బాధ తెలుస్తుంది. ఖాళీగా పడి ఉన్న నేలను పంట నేలగా మార్చిన మనిషిని దొంగ అనడం నాకు మింగుడుపడదు.

మంజీర_తీరం:
ముందుగా కాటన్ పోలికను పక్కన పెట్టండి. కాటన్ గోదావరి నీటిని రైతుల పొలాలకు మళ్లించాడు గాని, గోదావరి జిల్లాలో లక్ష ఎకరాలు తన పేర రాయించుకోలేదు. ఇక 'ఖాళీగా పడి ఉన్న నేల' అన్న మాటకు మీ టపాలోనే జవాబుంది. న్జోరో గడ్డి మేస్తే పశువులు నిలవవని అక్కడ పశువులు మేపుకుని బతికే తెగ అయిన మాసాయిలకు తరతరాలుగా తెలుసు, అందుకే వారు అక్కడ మందలను నిలపలేదు. డెలమేర్ ఆ సంగతి గొర్రెలు చచ్చాక తెలుసుకున్నాడు. ఆ తర్వాత ఎక్కడికి వెళ్లాడు? ఎల్మెంటైటా సరస్సు పక్కన సోయిసాంబుకు. 1904లో బ్రిటిష్ ప్రభుత్వం మాసాయిలతో చేసుకున్న ఒప్పందంతో వారిని ఖాళీ చేయించిన రిఫ్ట్ లోయలోనే ఆ సరస్సు ఉంది.

గట్టుమీది_రైతు:
అంటే న్జోరో ఖాళీగానే ఉందని మీరే ఒప్పుకున్నారు. నేను చెప్పింది న్జోరో గురించే.

మంజీర_తీరం:
మీరు న్జోరో దగ్గరే ఆగిపోతున్నారు. మాసాయి జాతి ఉన్నంతకాలం అమలులో ఉంటుందని రాసుకున్న ఆ 1904 ఒప్పందం ఏడేళ్లు నిలిచింది. ఆ ఒప్పందంతో వారిని పంపిన లైకిపియా నుంచి కూడా 1911లో మళ్లీ దక్షిణానికి తోలారు. వారు కోర్టుకెక్కితే, అది రెండు రాజ్యాల మధ్య ఒప్పందం కాబట్టి తమ పరిధిలోకి రాదని 1913లో న్యాయస్థానం చేతులు దులుపుకుంది. ఆ మాసాయిల భాషే మాట్లాడుతూ, వారినే కాపరులుగా పెట్టుకుని, వారికి మిత్రుడినని చెప్పుకున్న మనిషి డెలమేర్. 1912లో కార్మిక విచారణ సంఘం ముందు అతడిచ్చిన సాక్ష్యం కూడా చూడండి: ఆఫ్రికన్లలో ప్రతి ఒక్కరికీ బతకడానికి సరిపడే భూమి ఉంటే కూలీల సమస్య ఎన్నటికీ తీరదన్నది అతడి వాదన. పొలం దున్నడం అతడికొచ్చిన విద్యే కావచ్చు, కాని దున్నే చేతుల కోసం ఇతరులకు పొలం లేకుండా చేయాలన్నది అతడి రాజకీయం. సెట్లర్లందరి కథా ఇంతే.

నైరోబీ_తెలుగు:
భారతీయుల సంగతి ఎవరూ ఎత్తలేదు. 1921 జనాభా లెక్కల్లో కెన్యాలో యూరోపియన్లు 9,651 మంది, భారతీయులు 22 వేలకు పైనే. అయినా ఉమ్మడి ఓటర్ల జాబితాను, ఎత్తు భూముల్లో భారతీయులు భూమి కొనుక్కునే హక్కును డెలమేర్ వర్గం తీవ్రంగా వ్యతిరేకించింది. 1923లో లండన్‌లో మన తరఫున శ్రీనివాస శాస్త్రి వాదించారు. ఆఫ్రికన్ల ప్రయోజనమే ముఖ్యమని ఆ ఏడాది బ్రిటిష్ ప్రభుత్వం ప్రకటించింది, కాని ఎత్తు భూములను మాత్రం తెల్లవారికే ఉంచింది.

గట్టుమీది_రైతు:
'సెట్లర్లందరి కథా ఇంతే' అన్న వాక్యం దగ్గర నేను ఆగిపోయాను. ఆ మాటను నేను బోధన్ దగ్గర బడిలో చదువుకున్నన్నాళ్లూ విన్నాను. మా తాతగారు కృష్ణా జిల్లా నుంచి వచ్చి, నిజాంసాగర్ కాలువ కింద ముళ్లపొదలు కొట్టించి వరి వేశారు. నేను అక్కడే పుట్టాను. అయినా ఇల్లు అద్దెకు అడిగితే 'మీరు సెట్లర్లా?' అన్నవారున్నారు. మీరు కెన్యా పేరు చెప్పి మమ్మల్ని అంటున్నారని నాకు అర్థమవుతోంది.

మంజీర_తీరం:
అంటున్నానో లేదో నాకే తెలియదు, కాబట్టి ఉన్నది చెబుతాను. కాలువ వస్తుందని తెలిసినా సిస్తు బకాయి తీర్చలేక మా తాత నాలుగెకరాలు అమ్మేశాడు. కొన్నవారు పైనుంచి వచ్చినవారే. ఆ పొలంలోనే మా నాన్న కూలికి నాట్లు వేశాడు. 'ఈ నేల మేం వచ్చాకే పండింది' అని కొన్నవారి ఇంట్లో అంటుంటే వింటూ పెరిగాను. మీ మొదటి టపాలో అదే మాట కనిపించింది.

గట్టుమీది_రైతు:
మా వారు కొన్నారు. ధర చెల్లించారు, కాగితం రాయించుకున్నారు. డెలమేర్ న్జోరో నేలను కొనలేదు, ప్రభుత్వం కౌలుకు ఇచ్చింది. ఆ రెండింటినీ ఒక గాటన కట్టకండి.

మంజీర_తీరం:
కట్టను. కాని డెలమేర్‌ను సమర్థించేటప్పుడు మీరు కొనుగోలు మాట ఎత్తలేదు. నేల ఖాళీగా ఉంది, కష్టపడి పండించాడు, కాబట్టి అతడిదే అన్నారు. మీ తాతగారి హక్కు కాగితం మీద నిలబడితే, మాసాయిల చేతిలోనూ 1904 నాటి కాగితం ఉంది.

గట్టుమీది_రైతు:
ఈ మాటకు రాత్రంతా ఆలోచించి రాస్తున్నాను. మాసాయిల కాగితాన్ని గౌరవించనప్పుడు డెలమేర్ కాగితాన్ని గౌరవించమని నేను అడగలేను. 1912 సాక్ష్యం నేను ఇంతవరకు ఎరగను, దాన్ని సమర్థించను. గోధుమ విషయంలో మాత్రం నా మాట మారదు. ఆ రకాల కోసం ఆయన ఒళ్లు, ఇల్లు గుల్ల చేసుకున్నారు, ఆ సంగతి చరిత్రలో ఉండాలి. నన్ను మాత్రం సెట్లర్ అనకండి.

మంజీర_తీరం:
అనను. ఆ మాట మీ బడి రోజులను తాకుతుందని తెలియక వాడాను. మా నాన్న కూలి గురించి మీరు ఒక్క మాటా రాయలేదని కూడా గమనించాను.

నైరోబీ_తెలుగు:
విగ్రహం ఎక్కడుందో చెబుతాను, ప్రశ్న దానితోనే మొదలైంది కాబట్టి. దాన్ని పగలగొట్టలేదు, సోయిసాంబుకు తరలించారు. ఆ భూమి ఇప్పటికీ డెలమేర్ కుటుంబం చేతిలోనే ఉంది.