చలికాలం పచ్చదనానికి నందినా వేయవచ్చా?

కొత్తపెరడు: మేముండేది అమెరికాలో, జార్జియా రాష్ట్రంలోని అట్లాంటా శివార్లలో. డిసెంబరు వస్తే ఇంటి ముందంతా బోసిపోతుంది. ఏడాది పొడవునా ఆకు నిలిచే పొద వేయాలనుకుంటే నర్సరీలో నందినా చూపించారు. పెంచినవారు చెప్పండి.

కనకాంబరం: నిశ్చింతగా వేయండి. ఎండకూ నీడకూ ఓర్చుకుంటుంది, జింకలు దాని జోలికి రావు. చలికి ఆకు అంచుల నుంచి ఎర్రబడుతూ వస్తుంది. జనవరిలో మబ్బు పట్టిన పొద్దున ఆ కుంకుమరంగు పండ్ల గుత్తులు చూస్తే ప్రాణం లేచివస్తుంది. మా అమ్మ గుంటూరు నుంచి వచ్చినప్పుడు పూలు దొరక్క ఆ ఆకు కొమ్మలే దేవుడి దగ్గర పెట్టేది.

పిట్టగూడు: దయచేసి వేయకండి. ఆ పండ్లలో సైనైడ్ పుట్టించే పదార్థాలున్నాయి. 2009 ఏప్రిల్‌లో ఇదే జార్జియాలో, థామస్ కౌంటీలో, సీడర్ వాక్స్‌వింగ్ పిట్టలు డజన్ల కొద్దీ చచ్చిపడ్డాయి. పరీక్షించిన పిట్టల కడుపుల్లో నందినా పండ్లే ఉన్నాయి. ఈ పిట్టలు గుంపుగా వాలి, గొంతు దాకా మింగుతాయి. చలికాలం చివర్లో వేరే తిండి దొరక్కపోతే దీని మీదే పడతాయి.

కనకాంబరం: గుత్తులు కత్తిరించేస్తే సరిపోతుంది కదా!

పిట్టగూడు: ఎందరు కత్తిరిస్తారు? మీరు కత్తిరిస్తారా?

కనకాంబరం: పండ్లు రాలేముందు తీస్తాను.

పిట్టగూడు: రాలేది వసంతంలో. పిట్టలు వచ్చేదీ అప్పుడే. తీస్తే పూత వాడగానే తీయాలి. అప్పుడు మీరు చెప్పిన కుంకుమరంగు గుత్తులు ఎక్కడివి?

నీలగిరి: ‘ఫైర్‌పవర్’ అనే పొట్టి రకం దాదాపు కాయనే కాయదు. ఆకు మాత్రం బాగా ఎర్రబడుతుంది.

పిట్టగూడు: ఇక్కడి నేలలోనే పుట్టిన యాపాన్ హోలీ పొద ఉండగా అదెందుకు? అదీ ఆకు రాల్చదు, ఎర్రగా కాస్తుంది, పిట్టలకు మంచి తిండి.

రాళ్లతోట: హోలీ మాట నాకు చెప్పకండి. డబ్బు పోసి తెచ్చి నాటితే ఇన్నేళ్లలో ఒక్క పండు లేదు. ఆడ మొక్కకే పండ్లు వస్తాయనీ, దగ్గర్లో మగది ఉండాలనీ అమ్మినవారు ఒక్క ముక్క చెప్పలేదు.

కనకాంబరం: ఒక మాట అడుగుతాను పిట్టగూడు గారూ. ఇంటి ముందు బీరపందిరి వేసుకుంటే కాలనీ సంఘం వారు నోటీసు పంపి పీకించారు. వెనకవైపు ఎండ రాదు. ముందువైపు నాకు మిగిలింది ఈ పొదలే. ఇప్పుడు మీరూ పీకమంటున్నారు. నా పెరట్లో ఏముండాలో చెప్పేవాళ్లే అందరూనా? ఆ మొక్కలకు నీళ్లు పోసింది నేను.

పిట్టగూడు: పందిరి పీకించడం అన్యాయమే. కానీ బీరపాదు మీ కంచె దాటి వెళ్లలేదు. నందినా వెళ్తుంది. మా ఇంటి వెనక అడవిలో ఎవరూ నాటని నందినా మొక్కలు ఓక్ చెట్ల కింద దట్టంగా లేస్తున్నాయి. చలికాలమంతా గునపం పట్టుకుని తవ్వుతున్నాను. వేరు ముక్క మిగిలితే మళ్లీ వస్తుంది. ఆ విత్తనాలు ఎవరి ఇంటి ముందువి? మీ పెరడు మీ కంచె దగ్గర ఆగడం లేదని నా బాధ.

కనకాంబరం: ఈ మాట ముందే చెప్పవలసింది. పిట్టల లెక్క చెబితే నన్ను హంతకురాలంటున్నట్టు అనిపించింది. పొదలు తీయను. ఈసారి పూత వాడగానే గుత్తులు కోస్తాను, అంతవరకే.

పిట్టగూడు: అంతవరకే అంటే నాకు చాలదు.

కొత్తపెరడు: నేనింకా ఏదీ కొనలేదండీ. పూజకు పువ్వూ కావాలి, ఆకూ రాలకూడదు. ఏముంది?

నీలగిరి: కమీలియా. ససాంక్వా రకం అక్టోబరు నుంచి, జపానికా రకం ఆ తర్వాత వసంతం దాకా పూస్తాయి. పుల్లటి నేల, అంటే ఆమ్లగుణమున్న నేల ఇష్టం, మన ఎర్రమట్టి సాధారణంగా అలాంటిదే. నీళ్లు నిలవని చోటు చూడండి. కుండీలో మట్టి ఏ మట్టం దాకా ఉందో దానికి కాస్త పైకే ఉండేలా నాటండి. లోతుగా పాతితే వేరు కుళ్లుతుంది.

కొత్తపెరడు: మా ఇంటి ముఖం పడమర. మధ్యాహ్నం ఎండకు తట్టుకుంటుందా?

నీలగిరి: ససాంక్వా అయితే తట్టుకుంటుంది. మొదటి వేసవి మాత్రం నీళ్లు మరవకండి.