హైకోర్టు ఆర్డరు ఇచ్చి 11 నెలలు దాటినా డబ్బు రాలేదు, కంటెంప్ట్ (కోర్టు ధిక్కరణ కేసు) వేయాలా?

అటెండరు గారి అమ్మాయి:
నమస్కారం. మా నాన్నగారు ప్రభుత్వ ఆఫీసులో అటెండరుగా చేశారు. ఆయన పోయాక అమ్మకు రావలసిన ఫ్యామిలీ పెన్షన్ బకాయిల కోసం తెలంగాణ హైకోర్టులో ప్రభుత్వం మీద రిట్ పిటిషన్ వేసి గెలిచాం. ఆర్డరు కాపీ అందిన ఎనిమిది వారాల్లో చెల్లించమన్నారు. కాపీ నేనే తీసుకెళ్లి ఆఫీసులో కాగితాలు తీసుకునే ఇన్‌వర్డ్‌లో ఇచ్చాను. 11 నెలలైంది. ఎప్పుడు వెళ్లినా "పై ఆఫీసుకు రాశాం" అంటారు. మొన్నేమో "అప్పీలుకు వెళ్తున్నాం" అన్నారు.

అమ్మ ఆ కాపీని రేషన్ కార్డుతో పాటు ప్లాస్టిక్ కవర్లో దాచుకుంది. బీరువా తెరిచినప్పుడల్లా తీసి, ఇంగ్లీషు రాకపోయినా తేదీ మీద వేలు పెట్టి "ఇదేనా?" అని అడుగుతుంది. కంటెంప్ట్ వేస్తే కక్షగట్టి ఫైలు తొక్కేస్తారేమోనని టెన్షన్. ఏం చేయమంటారు?

రిట్ల గుమాస్తా:
అమ్మా, ఇక ఒక్క వారం కూడా ఆగకండి. 1971 కోర్టు ధిక్కరణ చట్టం 20వ సెక్షన్ ప్రకారం ధిక్కరణ జరిగిన ఏడాదిలోపే కేసు వేయాలి. ఎనిమిది వారాలు ముగిసిన రోజు నుంచి లెక్క. అంటే మీకు మూడు నెలలు కూడా లేవు. 'ఇవ్వకపోవడం రోజూ జరిగే తప్పే కదా' అనుకుని కూర్చోవద్దు. మన తెలంగాణ నుంచే వెళ్లిన ఒక భూమి కేసులో అలాంటి వాదనను 2024లో సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. ఇక అప్పీలంటారా, స్టే (అమలు ఆపమనే కోర్టు ఉత్తర్వు) రానంతవరకు ఆర్డరు అమల్లో ఉన్నట్టే. స్టే కాపీ చూపించమనండి.

రిటైర్డ్ టీచర్:
ఆర్డరు చివరి పేరా మళ్లీ చదివించుకోండి. నా ఆర్డరులో 'చెల్లించండి' అని లేదు, 'పరిశీలించి నిర్ణయం తీసుకోండి' అని ఉంది. వాళ్లు పరిశీలించి కుదరదని కాగితం ఇచ్చేశారు. ఆర్డరు పాటించినట్టే అని కంటెంప్ట్ మూసేశారు. మళ్లీ కొత్త రిట్ వేయాల్సి వచ్చింది. ఇంకోటి, మీ దగ్గరున్న కాపీ మీద ఇన్‌వర్డ్ సీలు, నంబరు, తేదీ ఉన్నాయా? అవి లేకపోతే మాకు కాపీ అందనే లేదంటారు. స్పీడ్ పోస్టులో, అందినట్టు రుజువు వచ్చేలా ఇంకొకటి పంపండి.

గుంటూరు వాసి:
కక్ష గురించి భయపడకండి. 2022 మార్చిలో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు తాను చెప్పినా బడుల ఆవరణల్లోంచి గ్రామ సచివాలయాలు తీసేయించనందుకు ఎనిమిది మంది ఐఏఎస్‌లకు రెండు వారాల జైలు వేసింది. వాళ్లు క్షమాపణ చెప్పాక దాన్ని సంక్షేమ హాస్టళ్లలో సేవగా మార్చింది. మా గుంటూరులోనే, కోర్టు వద్దన్నా గుడిసెలు కూల్పించిన అధికారిని 2025లో సుప్రీంకోర్టు డిప్యూటీ కలెక్టరు నుంచి తహసీల్దారుగా దించింది. చట్టంలో శిక్ష ఆరు నెలల వరకు సాధారణ జైలు, 2,000 రూపాయల వరకు జరిమానా. జరిమానాను ఎవరూ పట్టించుకోరు గానీ, స్వయంగా హాజరు కావాలంటే మాత్రం ఫైలు కదులుతుంది. ఇప్పుడు ఆ కుర్చీలో ఉన్న అధికారిని పేరుతో సహా చేర్చమని లాయరుకు చెప్పండి.

అటెండరు గారి అమ్మాయి:
అందరికీ దండాలు. ఇప్పుడే కవరు తీసి చూశాను. సీలు ఉంది, నంబరు ఉంది. చివరి పేరా పక్కింటి అబ్బాయితో చదివించాను, 'చెల్లించాలి' అనే ఉంది. సోమవారం లాయరు గారి దగ్గరికి వెళ్తున్నాం. అమ్మ కూడా వస్తానంది.