అప్‌డేట్: లూచా లిబ్రే రాత్రి, తిండి ముందా తర్వాతా?

మెక్సికో సిటీలోని అరేనా మెక్సికో స్టేడియంలో శుక్రవారం లూచా లిబ్రేకి, అంటే మెక్సికో ముసుగుల కుస్తీకి వెళ్తే తినేది ముందా తర్వాతా అని అడిగాను కదా, తేలింది: ముందు కొంచెం, తర్వాత కడుపునిండా. ఆట రాత్రి 8:30కి. ఏడింటికి రెండు అల్ పాస్తోర్ టాకోలు చాలు: నిలువు ఊచకు గుచ్చి కాల్చిన పందిమాంసం పల్చగా చెక్కి, చిన్న మొక్కజొన్న రొట్టెలో పెట్టి, పైన అనాస ముక్క వేస్తారు. దాంతో ఇచ్చే ఆకుపచ్చ సాల్సా (మిరపకాయల పచ్చడి) చప్పగా ఉంటుందనుకోకండి, ఒక్క చుక్క నాలుకకు తగిలించి చూడండి.

బీరు సీటు దగ్గరికే తెస్తారు. ముందు వరుసైతే గ్లాసు చేతిలో గట్టిగా పట్టుకోండి, తాళ్ల మీదుగా దూకిన వస్తాదు ఒళ్లోనే పడొచ్చు! చాలా ఆటల్లో మూడు పట్లలో రెండు గెలిచినవాడిదే గెలుపు. ప్రత్యర్థి ముసుగు లాగేస్తే, లాగినవాడికే ఓటమి. మెస్కాల్ (కిత్తనార జాతి మొక్కతో చేసే ఘాటు మద్యం) మాత్రం ఆట అయ్యాకే, నారింజ ముక్కతో, చప్పరిస్తూ. ఊరు 2,240 మీటర్ల ఎత్తున ఉంది, మధ్యమధ్యలో నీళ్లు తాగండి.