1977 దివిసీమ ఉప్పెన ఆనవాళ్లు ఇంకా ఉన్నాయా?

ప్రశ్న: మా తాతగారిది అవనిగడ్డ దగ్గర. 1977 నవంబరు 19 సంగతి అడిగితే మాట మార్చేస్తారు. ఇప్పుడు అటు వెళ్తే ఏమైనా కనిపిస్తాయాండీ?

జవాబు (కోడూరు నుంచి): కనిపిస్తాయండీ, కానీ సముద్రం దగ్గర కాదు, ఇళ్లలో వెతకాలి. మా ట్రంకుపెట్టెలో పాత దస్తావేజులు ఉన్నాయి. ఎండబెట్టి దాచినవే. స్టాంపు సిరా పాకిపోయింది, మడతల్లో బురద చార ఇంకా పోలేదు. ఆ కాగితం పట్టుకుని హద్దులు తేల్చుకోవడం ఎంత టెన్షనో మాకే తెలుసు. ఉప్పు పట్టిన చేలకి కాలువ నీళ్లు పెట్టి వదిలితేగానీ వరి నిలవలేదని నాన్న అంటారు. ఇప్పుడవి చాలావరకు రొయ్యల చెరువులు. దానికి ఉప్పెన కారణం కాదులెండి, డబ్బు.

తాతగారిని మనుషుల గురించి అడగకండి. గేదెల గురించి అడగండి, ఆయనే మొదలుపెడతారు.

మరో జవాబు: ప్రభుత్వ లెక్కలోనే పదివేల మంది దాకా పోయారు. 1990 మే తుఫాను అంతకంటే బలమైనదైనా మృతులు వెయ్యి లోపే. లక్షల మందిని ముందే తరలించారు, తుఫాను షెల్టర్లూ అప్పటికి లేచాయి.

కోడూరు నుంచి: షెల్టర్లు సరే. అలని ఆపే మడ అడవుల్ని నరికి చెరువులు తవ్విన చోట్ల సంగతేంటి?