దిశ మారినప్పుడల్లా సీఎన్‌సీ రౌటర్ జెడ్ (కట్టర్‌ను ఎత్తి దించే యాక్సిస్) కిందికి జారుతోంది: తప్పు వైరింగ్‌దా, సెట్టింగ్‌దా?

ప్రశ్న:
కంప్యూటర్ ప్యారలల్ పోర్టు పిన్నులను బయటికి ఇచ్చే బ్రేక్‌అవుట్ బోర్డుకు మూడు టీబీ6600 డ్రైవర్లు (స్టెప్పర్ మోటార్లను నడిపేవి) కలిపి, లినక్స్‌సీఎన్‌సీ అనే సాఫ్ట్‌వేర్‌తో ఇంట్లో చెక్క చెక్కే చిన్న రౌటర్ నడుపుతున్నాను. డ్రైవర్ల పల్ ప్లస్ (స్టెప్ పల్స్), డిర్ ప్లస్ (దిశ) టెర్మినళ్లను బోర్డులోని 5 వోల్టులకు కలిపి, మైనస్ తీగలను పిన్నులకు ఇచ్చాను; జెడ్‌కు స్టెప్ 6వ పిన్ను, డైరెక్షన్ 7వ పిన్ను. పొడవైన గీతలు చక్కగా వస్తున్నాయి. కానీ చెక్కపలక మీద తెలుగులో పేరు చెక్కితే, తలకట్లకూ వత్తులకూ కట్టర్ మాటిమాటికీ లేచి దిగుతుంది కదా, చివరి అక్షరానికి వచ్చేసరికి గాడి బాగా లోతైపోతోంది.

మొదటి జవాబు:
మోటారు షాఫ్టును జెడ్ స్క్రూకు కలిపే కప్లింగ్‌లోని గ్రబ్ స్క్రూ వదులై ఉండవచ్చు. షాఫ్టుకూ కప్లింగ్‌కూ కలిపి మార్కర్‌తో ఒక గీత గీసి, పని అయ్యాక అది విడిపోయిందేమో చూడండి.

ప్రశ్న అడిగినవారు:
గీత చెదరలేదండి. కట్టర్ తీసేసి, గాలిలోనే 160 సార్లు ఎత్తి దించి డయల్ గేజ్‌తో చూస్తే సరిగ్గా 0.5 మిల్లీమీటర్లు కిందికి వచ్చింది. వేగం సగానికి తగ్గించినా అంతే.

రెండో జవాబు:
మీ కొలతలోనే కారణం కనిపిస్తోంది. మోటారు చుట్టుకు 200 స్టెప్పులది, మైక్రోస్టెప్పింగ్ 8 (ఒక్కో స్టెప్పును 8 ముక్కలు చేయడం), స్క్రూ పిచ్ (చుట్టుకు కదిలే దూరం) 5 మిల్లీమీటర్లు అయితే, మిల్లీమీటరుకు 320 స్టెప్పులు, అంటే 0.5కు 160, ఎత్తి దించిన ప్రతిసారీ ఒక్క స్టెప్పు పోతోందన్నమాట. మీ వైరింగ్‌లో పిన్ను లో (0 వోల్టులు) అయినప్పుడే డ్రైవర్‌లోని ఆప్టోకప్లర్ (కాంతితో సిగ్నల్ అందించే భాగం) వెలుగుతుంది కాబట్టి, సాఫ్ట్‌వేర్ పల్స్ మొదలైందనుకునే అంచు డ్రైవర్‌కు ముగింపు అవుతుంది, దిశ మారే క్షణంలో ఒక పల్స్ అటో ఇటో లెక్క తప్పుతుంది. వైరింగ్‌ను ముట్టుకోవద్దు. లినక్స్‌సీఎన్‌సీ సెట్టింగుల ప్రోగ్రామ్ స్టెప్‌కాన్ఫ్‌లో 6వ పిన్నుకు ఇన్వర్ట్ (సిగ్నల్ తిరగేయడం) టిక్ పెట్టి, స్టెప్ టైమ్ (పల్స్ నిడివి) 5000, డైరెక్షన్ హోల్డ్, సెటప్ (దిశ మారే ముందు, తర్వాత ఆగే సమయాలు) చెరో 20000 నానోసెకన్లు ఇవ్వండి. డైరెక్షన్ పిన్ను ఇన్వర్ట్ మాత్రం వేరే సంగతి, యాక్సిస్ తిరగబడి నడిస్తేనే అది కావాలి.

ప్రశ్న అడిగినవారు:
పిచ్ 5 మిల్లీమీటర్లే. మార్చాక 160 సార్లకు గేజ్ ముల్లు మొదట ఉన్న గీత మీదికే వచ్చింది. ఎక్స్, వై స్టెప్ పిన్నులకు కూడా ఇన్వర్ట్ పెట్టాను. పాత పలకలో వత్తులు కాస్త పక్కకు జరిగి ఉండటానికి ఇన్నాళ్లూ పలక బిగింపునే అనుమానించాను.